కెమెరాను చూసిన మనిషి

నేను ఇంతవరకు ఎవరికీ చెప్పని మాట ఒకటుంది. సినిమా హాల్లో నా కళ్ళు ఎక్కువసేపు హీరో మీద నిలవవు. సంతలోనో జాతరలోనో తీసిన సన్నివేశం వస్తే చాలు, ఆ గుంపులో ఎవరైనా మరిచిపోయి నేరుగా కెమెరా వైపు చూశారేమోనని వెతుకుతాను. ఒక్కోసారి దొరుకుతారు. నెత్తిన గంపతో పోతున్న ఒక ఆడమనిషి ఆగి, తెరలోంచి మా అందరి వైపు చూస్తుంది. రెప్పపాటే. మళ్ళీ హీరో అడ్డం వస్తాడు. సినిమా తీసేవాళ్ళు దాన్ని తప్పు అంటారు. నాకు మాత్రం ఆ సినిమా అక్కడ కాసేపు నిజంగా ఊపిరి తీసినట్టు ఉంటుంది. ఈ సంగతి ఎవరితోనైనా అంటే నవ్వుతారని డైరీలో రాసుకుని ఊరుకున్నాను.

పోయిన వారం వనపర్తిలో ఒక మధ్యాహ్నం ఆటకు ఒక్కదాన్నే వెళ్ళాను. బయట ముసురు. తడిసిన గొడుగుల వాసన, మాడిన పాప్‌కార్న్ వాసన కలిసి హాలంతా పరుచుకున్నాయి. ఆ వాసన తగలగానే నా పక్క సీటు ఖాళీగా ఉండడం కొట్టొచ్చినట్టు కనిపించింది. ఆ సీట్లో ఉండాల్సిన మనిషి పద్మక్క. సినిమా మొదలైన కాసేపటికే చెప్పులు విడిచి, కాళ్ళు పైకి మడుచుకుని కూర్చునేది. బొమ్మ నచ్చితే మాట ఉండేది కాదు. నచ్చకపోతే నా చెవి దగ్గరికి వంగి, "ఇగ మునిగింది పిల్లా" అనేది. ఆమె చెప్పాక నిజంగానే ఆ సినిమా నా కళ్ళ ముందే మునిగిపోయేది.

పద్మక్క నాకు చుట్టం కాదు. నాగర్‌కర్నూలులో పెళ్ళి వీడియోలకు మిక్సింగ్ చేసే దుకాణం ఆమెది. కెమెరా పట్టినవాళ్ళు పెళ్ళింటి నుంచి తెచ్చిన దృశ్యాలన్నిటినీ కోసి, అతికించి, పాటలు చేర్చి, చుట్టాలు కూర్చుని చూడగలిగే సినిమాగా చేయడమే మిక్సింగ్. భర్త బతికున్నప్పుడు ఆయన కెమెరాతో ఊళ్ళు తిరిగితే ఈమె లోపలి గదిలో కంప్యూటర్ ముందు కూర్చునేదట. ఆయన పోయాక కెమెరాకు జీతం మీద మనిషిని పెట్టుకుంది కానీ ఆ కుర్చీని మాత్రం ఎవరికీ ఇవ్వలేదు. డిగ్రీ అయ్యాక ఇంట్లో ఖాళీగా ఉన్న నన్ను మా అమ్మ ఒకరోజు ఆమె దగ్గరికి తీసుకుపోయింది. అమ్మ నా గురించి చెప్పినంతసేపూ నేను ఆ గదిలోని బండల గచ్చును చూస్తూ నిలబడ్డాను.

"మాట్లాడవా పిల్లా?" అంది పద్మక్క.

"మాట్లాడుతా అక్కా."

"ఎప్పుడు?"

నేను మళ్ళీ గచ్చును చూశాను. ఆమె నవ్వి మా అమ్మతో అంది: "మంచిగైంది తియ్యక్కా. ఈడికొచ్చే కస్టమర్లు మస్తు మాట్లాడ్తరు. సప్పుడు చెయ్యకుంట చూసెటోళ్లు ఒకలన్న గావాలె నాకు."

అలా నాకు ప్రపంచంలో సరిగ్గా అమరిన చోటు దొరికింది. ఎవరికీ కనబడకుండా అందరినీ చూసే పని. తయారైన సినిమాను కంప్యూటర్ ఒక్క ఫైలుగా కట్టడానికి గంటల కొద్దీ పట్టేది. ఆ సమయంలో నేను లైబ్రరీ నవలను బల్ల కింద ఒళ్ళో పెట్టుకుని చదివేదాన్ని. పద్మక్కకు తెలియదనుకున్నాను. ఒకరోజు తల తిప్పకుండానే అడిగింది.

"గా కథల తల్లి ఉన్నదా?"

"ఉంది అక్కా."

"కూసుంటదా, నిలవడే ఉంటదా?"

ఆ ప్రశ్న నాకు అర్థం కావడానికి ఒక శుక్రవారం పట్టింది. కొత్త సినిమా వచ్చిన శుక్రవారం పద్మక్క దుకాణానికి షట్టర్ దించి నన్ను మ్యాట్నీకి తీసుకుపోయేది. అది కూడా పనిలో భాగమేనని ఆమె నమ్మకం. ఆ రోజు తెర మీద కోటలాంటి ఇల్లు. మెట్ల మీంచి అందరూ దిగుతున్నారు, అందరూ గట్టిగా మాట్లాడుతున్నారు.

"గా తల్లిని జూసినవా?" అంది పద్మక్క. "వచ్చినప్పటిసంది నిలవడే ఉన్నది. గంత పెద్ద ఇంట్ల ఆమెకొక్క కుర్సీ ఇయ్యలే."

"చిన్న పాత్ర కదక్కా."

"చిన్నదైతే చిన్న పీటన్న ఎయ్యాలె."

ఇంకాసేపటికి కరువు సన్నివేశం వచ్చింది. రైతు ఎండిన చేలో మోకాళ్ళ మీద కూలబడ్డాడు. "ఆయన పంచె జూడు, ఇప్పుడే ఇస్త్రీ చేసి తొడిగిన్రు," అంది. ముందు వరుసలో కుర్రాడు వెనక్కి తిరిగి, "అక్కా, జర సప్పుడు చెయ్యకున్రి," అన్నాడు. "నువ్వు సినిమా జూడు తమ్మీ. మేం డ్యూటీల ఉన్నం," అంది పద్మక్క, గొంతు తగ్గించకుండా. నేను సిగ్గుతో సీట్లో కిందికి జారిపోయాను. కానీ ఆ తల్లి నా కళ్ళలోంచి పోలేదు. సినిమా అయిపోయేదాకా ఆమెనే చూశాను. నిజమే. ఏడ్చినా నిలబడే ఏడ్చింది, దీవించినా నిలబడే దీవించింది. కొడుకు గెలిచి ఇంటికొచ్చాక ఇక ఆమె పనే లేదు కాబట్టి తెర మీద నుంచే పోయింది.

కథ పలచగా ఉంటే పద్మక్క తప్పుపట్టేది కాదు. ఒక్కడు పదిమందిని కొడితే పగలబడి నవ్వి చప్పట్లు కొట్టేది. సినిమా అంటే అబద్ధమేనని, ఆ అబద్ధం కోసమే టికెట్టు కొన్నామని ఆమెకు బాగా తెలుసు. ఆమె లెక్కలో సినిమా చెడిపోయేది ఒక్క కారణానికే: మనిషిని తెర మీదికి పిలిచి, పని తీరగానే సామానులా పక్కకు జరపడం. ఆ చెడు ఖర్చుతో పోదు, పాటలతో పోదు. ఈ మాటను ఆమె ఇలా ఎప్పుడూ అనలేదు, నేను మాటల్లో పెట్టుకున్నది. ఆమెకు కుర్చీ అన్న మాట సరిపోయేది.

దుకాణంలో పద్మక్క పెట్టిన నియమాలు కొన్ని ఉండేవి. అన్నిటికంటే గట్టిది, కెమెరా వైపు చూసినవాళ్ళను కోసేయడం. "కెమెరాను జూస్తే అది ఫోటో అయితది పిల్లా, సినిమా గాదు," అనేది. మా వైపు ఊళ్ళలో ఈ నియమంతో చాలా కోత పడేది. వీడియో కెమెరా తమ వైపు తిరగగానే పెద్దవాళ్ళలో నడిచేవాళ్ళు ఆగిపోతారు, నవ్వేవాళ్ళు నవ్వు ఆపుతారు. చేతులు పక్కలకు ఆన్చి, ఫోటోకు నిలబడినట్టు బిగుసుకుని నిలబడతారు. ఎవరో వచ్చి "అయిపోయింది" అని చెప్పేదాకా కదలరు. అలాంటి ముక్కలన్నిటినీ తీసి మేము వేస్టు అని పేరు పెట్టిన ఫోల్డరులో పడేసేవాళ్ళం.

ఒక ఎండాకాలం మధ్యాహ్నం బాలమ్మ మా దుకాణానికి వచ్చింది. ఉప్పునుంతల పక్క పల్లె ఆమెది. పూణెలో బిల్డింగు పని చేస్తుంది. కూతురు మంజుల పెళ్ళికని ఊరికి వచ్చింది. ఆ పెళ్ళి సినిమా మేమే చేసి ఇచ్చాం. చేతిరుమాలులో మూట కట్టిన పెన్‌డ్రైవ్‌ను బల్ల మీద పెట్టి ఆమె అన్న మొదటి మాట: "మేడం, గీ సినిమాల నేను పడలే."

ఫోటోలోనో వీడియోలోనో కనబడడాన్ని మా దగ్గర పడడం అంటారు. పెళ్ళయ్యాక ఈ ఫిర్యాదుతో ఎవరో ఒకరు వస్తూనే ఉంటారు, ఎక్కువగా దూరపు చుట్టాలు. పద్మక్క కుర్చీ జరిపి ఆమెను కూర్చోబెట్టింది.

"నువ్వేమయితవమ్మా పెండ్లిపిల్లకు?"

"తల్లిని."

పద్మక్క చేతిలో మౌసు ఆగింది.

"మల్ల మల్ల జూసిన మేడం. మా బావ పడ్డడు, మా యారాలు పడ్డది, బ్యాండోళ్లు పడ్డరు. మా ఇంటి ముంగటి మేక గూడ పడ్డది. నేను పడలే."

బాలమ్మ భర్త ఎప్పుడో పోయాడు. అందుకని పీటల మీద ఆమె కూర్చోలేదు. పెద్ద బావా, బాలమ్మకు తోడికోడలైన ఆయన భార్యా కూర్చుని అల్లుడి కాళ్ళు కడిగారు. కెమెరా ఎప్పుడూ పీటల మీది వాళ్ళ వెంటే తిరుగుతుంది కనుక పెళ్ళంతా వాళ్ళదైంది.

"పీటల మీద నన్ను కూసోనియ్యరు, గది నాకు ముందుగాలనే తెల్సు," అంది బాలమ్మ. గొంతులో ఏడుపు లేదు, లెక్క అడుగుతున్నట్టు ఉంది. "గని పందిట్ల గూడ లేనా నేను? ఐతారం పూణె పోత. ఆడ నాతోని పనిజేసెటోళ్లకు నా బిడ్డ పెండ్లి చూపిస్తనని చెప్పిన. ఏం జూపియ్యాలె వాళ్లకు? మేకను జూపియ్యాల్నా?"

పద్మక్కకు నవ్వు ఆగలేదు. ఆ నవ్వు చూసి బాలమ్మ కూడా నవ్వింది. "శనివారం రా అమ్మా," అంది పద్మక్క. "నువ్వు పడ్తవ్. నాది మాట." ఆమె వెళ్ళాక నా వైపు తిరిగి, "ఇది నువ్వే జెయ్యి. మొత్తం నువ్వే," అని లేచి టీకి పోయింది.

కెమెరామన్ తెచ్చిన దృశ్యాలన్నిటినీ మొదటి నుంచి తెరిచి చూశాను. బాలమ్మ దొరికింది. వంటల దగ్గర, తెర అంచుల్లో, ఎవరి భుజాల వెనకో. పెద్ద గంజులో పప్పు కలియబెడుతోంది. కొంగుతో మొహం తుడుచుకుంటోంది. కుర్చీలు తక్కువ తెచ్చిన టెంటు మనిషిని నిలదీస్తోంది. నేను చదివిన నవలల్లోని తల్లులందరూ గుర్తొచ్చారు. ఆ ముక్కలన్నీ ఏరి, వేగం తగ్గించి, వెనక వేణువు పెట్టాను. పీటల మీద పెళ్ళి జరుగుతుంటే మధ్యమధ్యలో పొగలో బాలమ్మ. చేసిన పని నాకే నచ్చి మళ్ళీ మొదటి నుంచి వేసి చూసుకున్నాను. పద్మక్క ఒకసారి చూసింది. "ఆమెను జూడనీ," అంది.

శనివారం బాలమ్మ వచ్చింది. ఆమెను కుర్చీలో కూర్చోబెట్టి, తెర చూపించి, నేను గోడకు ఆనుకుని ఆమె మొహమే చూస్తూ నిలబడ్డాను. వేణువు మొదలైంది. ఆమె మొహం మెల్లగా ముడుచుకుంది.

"గా పాటేంది బిడ్డా, గంతగనం ఏడుస్తుంది? నేనేమన్న సచ్చిపోయిన్నా?"

నేను ఆపేశాను.

"మీరు పడ్డారు కదమ్మా," అన్నాను, నాకే వినపడనంత మెల్లగా.

"పడ్డ. గంజుల కాడ పడ్డ. పనిజేసుడు వాళ్లకు జూపిస్తే ఏమొస్తది? దినాం జూస్తనే ఉంటరు." ఆమెకు కోపం లేదు, నాకు అర్థమయ్యేలా చెప్పాలన్న ఆత్రం ఉంది. "గద్వాల చీర కట్టిన బిడ్డా. మంజుల కొనిచ్చింది. వంట కాడికి పోయెటప్పుడు మరకలైతయని విప్పి పాతది కట్టిన, గంతే. అంతకు ముందు గా చీరల పందిరి గుంజ కాడ నిలవడ్డ. కెమెరాయన నా దిక్కు తిప్పిండు గూడ. కొంగు సదురుకొని మంచిగ నిలవడ్డ. గది యాడవాయె?"

నాకు తెలిసిపోయింది. పద్మక్కకు నాకంటే ముందే తెలిసింది. ఆమె మౌసు అందుకుని వేస్టు ఫోల్డరు తెరిచింది.

పందిరి గుంజ పక్కన బాలమ్మ ఉంది. ఎర్రంచు చీర మడత ఇంకా విడిపోలేదు. కెమెరా తన వైపు తిరగగానే కొంగు భుజం మీదుగా లాక్కుంది, చేతులు పక్కలకు ఆన్చింది, గడ్డం కొద్దిగా ఎత్తింది. నేరుగా మా వైపు చూసింది. ఫోటో తీస్తున్నారనుకుని ఎవరో "అయిపోయింది" అంటారని ఎదురుచూస్తూ అలాగే నిలబడింది. వెనక బ్యాండు, పిల్లల అరుపులు. ఎవరూ ఏమీ అనలేదు. కాసేపటికి కెమెరా పక్కకు తిరిగిపోయింది. ఆ పెళ్ళిలో తాను మంజుల తల్లినని ఆమె చెప్పుకున్నది ఆ ఒక్క చోటే. దాన్ని తీసేయడానికి మా నియమం ఒకటి ముందే సిద్ధంగా ఉంది.

"నా రూలే," అంది పద్మక్క. సాకు చెప్పలేదు, నొచ్చుకోలేదు. కుర్చీ ముందుకు జరుపుకుంది. "రాసుకో పిల్లా. కాళ్లు కడుగుడు అయిపోయి వాళ్లు లేస్తరు సూడు, గా ఎంబడే ఈమె. కొయ్యకు. ఎంతసేపు నిలవడ్డదో గంతసేపు ఉంచు. స్లో చెయ్యకు. పాట పెట్టకు."

"మరి వంటల దగ్గరివి?" అని అడిగాను.

జవాబు బాలమ్మ ఇచ్చింది. "గవ్వి తీసెయ్. గని టెంటాయన్ని తిట్టింది ఉండనియ్యి. మంచిగ తిట్టిన."

పని అక్కడికక్కడే అయిపోయింది. మళ్ళీ వేసి చూపించాం. అల్లుడి కాళ్ళు కడిగిన బావా ఆయన భార్యా పీటల మీద నుంచి లేచారు. తెర మీద గుంజ పక్కన బాలమ్మ వచ్చి నిలబడింది. నా పక్కన కుర్చీలో ఉన్న బాలమ్మ తనకు తెలియకుండానే పమిట సర్దుకుంది. తెర మీది మనిషీ కుర్చీలోని మనిషీ అలా ఒకరినొకరు చూసుకుంటూ ఉండిపోయారు. తర్వాత ఆమె పెన్‌డ్రైవ్‌ను మళ్ళీ రుమాలులో మూట కట్టి, "అంచు మంచిగ పడ్డది," అంది. సినిమా గురించి ఆమె ఇచ్చిన తీర్పు అంతే. పూణె బస్సు ఎక్కే ముందు మంజుల చేత ఫోన్ చేయించి, టెంటాయన ముక్క ఇంకొంచెం ఉంటే బాగుండేదని చెప్పించింది.

ఆ సాయంత్రం షట్టర్ దించుతూ పద్మక్క ఉన్నట్టుండి అంది: "మా బిడ్డ పెండ్లి సినిమా గూడ నేనే మిక్సింగ్ జేసిన."

"చూశాను అక్కా. బాగుంటుంది."

"దాంట్ల నేను లేను. ఒక్కకాడ పడ్డ. గిట్లనే జూస్తున్న కెమెరా దిక్కు. తప్పని కోసేసిన." తాళం వేసి, తాళంచెవి కొంగున ముడేసుకుంది. "నడువు, బస్సు పోతది."

మరుసటి రోజు నుంచి మా దుకాణంలో ఆ నియమం లేదు. అన్ని కోతలూ పూర్తయ్యాక, ఫైలు కట్టే ముందు, వేస్టు ఫోల్డరును ఇద్దరం కూర్చుని చివరిదాకా చూసేవాళ్ళం. కొందరు కెమెరామన్‌లు మా సినిమాల్లో ముసలివాళ్ళు కెమెరాను చూస్తారని ఎగతాళి చేశారు. "మా కెమెరాకు సిగ్గు లేదు," అనేది పద్మక్క.

ఇప్పుడు నేను వనపర్తిలో ఇదే పని సొంతంగా చేస్తున్నాను. సినిమా ఎందుకు చెడుతుందో నాకు తెలుసు. ఈ ఒక్క విషయంలో నాకు బెరుకు లేదు. మనుషులను పక్కకు జరిపే సినిమా చెడ్డది, అది శుక్రవారాల్లో నేర్చుకున్నాను. రెండోది బాలమ్మ నేర్పింది. మనిషిని ముందుకు తెచ్చినా, తాను ఎలా కనబడాలనుకుందో అడగకుండా ఆమె మీద జాలి పడితే అది కూడా చెడ్డ సినిమాయే, వెనక వేణువు ఎంత తియ్యగా మోగినా సరే. హాల్లో అందరూ కళ్ళు తుడుచుకుంటున్నప్పుడు నేను పొడి కళ్ళతో కూర్చుంటే నాకు మనసు లేదనుకోవద్దు. కుర్చీ కోసం చూస్తుంటాను. పెళ్ళివాళ్ళు వచ్చినప్పుడు మొదట అడిగేది కూడా ఏ పాటలు కావాలని కాదు. ఆ ఇంట్లో కొత్త చీర కట్టుకుని పీటల మీద కూర్చోనివాళ్ళు ఎవరున్నారని. ఇంత మాట అపరిచితులను అడిగేటప్పుడు నా గొంతు వణకదు.

జబ్బు చేశాక పద్మక్కను కూతురు గద్వాలకు తీసుకుపోయింది. నేను చివరిసారి వెళ్ళినప్పుడు మంచం మీద దిండ్లకు ఆనుకుని టీవీ చూస్తోంది. బాగా చిక్కిపోయింది. తీర్పులు మాత్రం చిక్కలేదు. నన్ను చూడగానే టీవీ వైపు చెయ్యి చూపించి, "మునిగింది," అంది. చాలాసేపు కూర్చున్నాను. ఆ వారంలోనే ఆమె పోయింది. నేను చూడడానికి వెళ్ళిన ఆ రోజు, లేచి సంచీ తగిలించుకుంటుంటే ఆగమని సైగ చేసి, దిండు కింద నుంచి ఫోన్ తీసింది. ఇన్నేళ్ళలో నా ఫోటో ఒక్కటీ తన దగ్గర లేదని అప్పుడే తట్టినట్టుంది. ఫోన్ ఎత్తి నా వైపు పట్టుకుంది. నేను అలవాటుగా తల దించుకుని గచ్చు వైపు చూశాను.

"కింద ఏమున్నది పిల్లా? జర ఇటు జూడు."